‘ఙ’తో మొదలయ్యే ఒక నటుడు

(ఒక ఫిల్మ్ క్లబ్ నెలవారీ సమావేశంలో చేసిన ప్రసంగం. మాట్లాడింది మాట్లాడినట్టే ఉంచాం, తడబాట్లు మాత్రం తీసేశాం.)

అందరికీ నమస్కారం. వెనక వాళ్ళకి వినపడుతోందా? ఆ మైకు కాస్త పైకి... చాలు, చాలు.

ఇవాళ మనం మాట్లాడుకోబోయే దక్షిణాఫ్రికా నటుడి పేరు దగ్గర మొదలుపెడతాను. ఎందుకంటే వాట్సాప్‌లో ఆహ్వానం వెళ్ళిన దగ్గర్నుంచి ముగ్గురు ఫోన్ చేసి అడిగారు, ఈ పేరు ఎలా పలకాలండీ అని. ఇంగ్లీషులో ఎన్, జి, ఏ, కె, ఏ, ఎన్, ఇ అని రాస్తారు. ‘ఎన్‌గకానే’ అని ఒకరు, ‘నగాకేన్’ అని ఇంకొకరు. నిజానికి మన పని చాలా తేలిక. చిన్నప్పుడు పలక మీద క ఖ గ ఘ ఙ అని దిద్దాం కదా. ఆ ఙ ని దిద్దడమే తప్ప దాంతో మొదలయ్యే మాట ఒక్కటైనా మనం జన్మలో పలికి ఎరగం. ఆయన దేశంలో మాట్లాడే త్స్వానా, సోతో భాషల్లో అది మాట మొదట్లోనే వస్తుంది. ‘ఙాకా’ అంటే వాళ్ళకి వైద్యుడు. కాబట్టి ఈయన లయొనెల్ ఙకానే. ఇంగ్లీషువాళ్ళకి నోరు తిరగని ఈ పేరుకి మన దగ్గర అక్షరం సిద్ధంగా ఉంది. ఇన్నాళ్ళూ ఉద్యోగం లేక కూర్చున్న అక్షరానికి ఇవాళ పని దొరికింది.

1928లో ప్రిటోరియాలో పుట్టాడు, 2003 నవంబరులో రస్టెన్‌బర్గ్‌లో పోయాడు, రెండూ దక్షిణాఫ్రికాలోనే. కానీ మధ్యలో నలభై ఏళ్ళ పైచిలుకు ఆ దేశంలో లేడు. పత్రికల్లో రాశాడు, సినిమాల్లో వేశాడు, తర్వాత తనే తీశాడు. మనకీ ఇలాంటివాళ్ళు తెలుసు. గొల్లపూడి మారుతీరావు గారు ఆంధ్రప్రభలో సబ్ ఎడిటర్‌గా మొదలై ఎక్కడ తేలారో చూశాం, రావి కొండలరావు గారు ఒక చేత్తో విజయచిత్ర పని, ఇంకో చేత్తో వేషాలు. మన దగ్గర ఇది ఒక సరదా, బహుముఖ ప్రజ్ఞ అని సన్మాన పత్రంలో రాసుకునే సంగతి. దక్షిణాఫ్రికాలో 1950ల్లో అది వేరు. అక్కడ నల్లవాడు పత్రికలో రాయాలంటే నటించక తప్పదు, సినిమా తీయాలంటే అబద్ధం ఆడక తప్పదు. నేను ఇవాళ చెప్పదలచుకున్నది ముఖ్యంగా ఇదే, మిగతాదంతా దీని చుట్టూ తిరుగుతుంది.

ఒక సంగతి. నేను ఇరవై రెండేళ్ళు న్యూస్ డెస్క్ మీద పని చేసినవాణ్ణి, తేదీలు చూస్తే చెయ్యి ఊరుకోదు. ఈయన గురించి రాసిన చాలా పరిచయాల్లో ‘1948 నుంచి 1950 దాకా జోంక్, డ్రమ్ పత్రికల్లో విలేకరి’ అని ఉంటుంది. ఒకరు రాసింది చూసి ఇంకొకరు రాసినట్టున్నారు. డ్రమ్ పత్రిక పుట్టిందే 1951 మార్చిలో. పుట్టని పత్రికలో ఉద్యోగం ఎలా చేస్తాడు? కాబట్టి ఆ పత్రికల్లో పని చేశాడన్నంత వరకు తీసుకుందాం, ఆ సంవత్సరాలు వదిలేద్దాం. మా డెస్కులో కుర్రాడెవడైనా ఇలా రాసుకొస్తే కాపీ వెనక్కి విసిరేసేవాణ్ణి.

ఆ డ్రమ్ సంగతి కొంచెం చెప్పాలి, అది లేకుండా ఙకానే అర్థం కాడు. మొదట్లో అది కేప్‌టౌన్‌లో ‘ఆఫ్రికన్ డ్రమ్’ అనే పేరుతో, పల్లెలు, తెగలు, జానపద కథలు అంటూ తెల్లవాళ్ళు ఊహించుకున్న ఆఫ్రికాని ఆఫ్రికన్లకే అమ్మబోయింది. ఎవరూ కొనలేదు. జిమ్ బెయిలీ అనే డబ్బున్నాయన తీసుకుని, దాన్ని జోహన్నెస్‌బర్గ్‌కి మార్చి, ఆంథొనీ శాంప్సన్‌ని ఎడిటర్‌గా పెట్టాడు. యజమాని తెల్లవాడు, ఎడిటరూ తెల్లవాడే. కానీ రాసేవాళ్ళు కాన్ థెంబా, టాడ్ మత్‌షికిజా, ఆర్థర్ మైమానే, బ్లోక్ మోడిసానే, కొంచెం తర్వాత లూయిస్ ఎన్‌కోసీ, నాట్ నకాసా. వాళ్ళ ఇంగ్లీషు లండన్ ఇంగ్లీషు కాదు, జాజ్ వాయించినట్టు ఉంటుంది. డర్బన్‌లో జి.ఆర్. నాయుడు అనే ఫొటోగ్రాఫర్ ఉండేవాడు, ఆ ఇంటిపేరు దగ్గర నేను రెండు నిమిషాలు ఆగిపోయాను.

వీళ్ళందరిలో ‘మిస్టర్ డ్రమ్’ అని పేరు పడ్డవాడు హెన్రీ ఎన్‌క్సుమాలో. ఈ పేరు మధ్యలో ఉన్న ధ్వనికి మాత్రం మన దగ్గర అక్షరం లేదు. బండివాడు ఎద్దుల్ని అదిలించడానికి నాలుక పక్కనుంచి ఒక చప్పుడు చేస్తాడు చూడండి, దాదాపు అది. బేతల్ అనే చోట బంగాళాదుంప పొలాల్లో కూలీలని కొడుతున్నారని, గోనెసంచులే వాళ్ళకి బట్టలని విని, ఈయన తనే కూలీలా వెళ్ళాడు. అది 1952 మార్చి సంచికలో వచ్చింది, పత్రిక మొదటి పుట్టినరోజు సంచిక. రెండేళ్ళ తర్వాత జైల్లో ఏం జరుగుతుందో రాయాలనుకున్నాడు. విలేకరిని లోపలికి రానివ్వరు కదా. రాత్రి పూట పాస్ లేకుండా తిరిగి, కావాలని పట్టుబడి, జోహన్నెస్‌బర్గ్ ఫోర్ట్ జైలుకి ఖైదీగా వెళ్ళాడు. అవును, 1908లో గాంధీగారిని పెట్టిన జైలే. లోపల ఖైదీలని బట్టలు విప్పించి ఎగిరించి సోదా చేసేవాళ్ళు, దాన్ని పక్కనున్న నర్సుల హాస్టల్ మేడ మీంచి బాబ్ గోసానీ ఫొటో తీశాడు. ఆ ఫొటో అచ్చయ్యాక దేశం గగ్గోలెత్తింది. కొన్నేళ్ళకి ఎన్‌క్సుమాలోని రోడ్డు మీద పొడిచి చంపేశారు, చంపినవాళ్ళు దొరకలేదు.

ఇప్పుడు చెప్పండి, కూలీ వేషం, ఖైదీ వేషం వేసినవాణ్ణి నటుడు అనాలా, విలేకరి అనాలా? ఙకానే పెరిగిన వాతావరణం ఇది. పాస్ అన్నాను కదా, నల్లవాళ్ళు ఎప్పుడూ వెంట ఉంచుకోవాల్సిన అనుమతి కాగితం, అది మన పట్టాదారు పాస్ పుస్తకం లాంటిది కాదు. మనది భూమి మనదని చెప్తుంది, వాళ్ళది భూమి వాళ్ళది కాదని చెప్తుంది. జేబులో లేకపోతే లాకప్పే.

ఇక సినిమా. 1948లో రెండు జరిగాయి. మేలో నేషనల్ పార్టీ గెలిచి అపార్థైడ్‌ని, అంటే జాతి వివక్షని, చట్టంగా మార్చే పని మొదలుపెట్టింది. అదే సంవత్సరం ఆలన్ పేటన్ రాసిన ‘క్రై, ది బిలవెడ్ కంట్రీ’ నవల వచ్చింది. పేటన్ తెల్లాయన, నల్ల కుర్రాళ్ళని ఉంచే డీప్‌క్లూఫ్ అనే సంస్కరణ గృహానికి ప్రిన్సిపాల్‌గా పదేళ్ళ పైన పని చేసినవాడు. కథ క్లుప్తంగా చెప్తాను. నాటల్ కొండల్లో ఒక పల్లె, అక్కడ స్టీఫెన్ కుమాలో అనే ముసలి పాదిరీ. చెల్లెలు జోహన్నెస్‌బర్గ్ వెళ్ళి తిరిగి రాలేదు, ఆమెని వెతకబోయిన కొడుకు అబ్సలోమూ తిరిగి రాలేదు. ఈయన రైలెక్కి వెతుక్కుంటూ వెళ్తాడు. ఈ ఇంట్లో ఉన్నాడు, ఆ ఫ్యాక్టరీలో చేశాడు, సంస్కరణ గృహం నుంచి మొన్ననే విడుదలయ్యాడు అంటూ కొడుకు జాడ ఒక్కో చోట ఒక్కో ముక్క దొరుకుతుంది. చివరికి దొరికేసరికి అతను హంతకుడు. దొంగతనానికి వెళ్ళి భయంతో పేల్చిన తూటాకి చనిపోయినవాడు నల్లవాళ్ళ హక్కుల కోసం పని చేసే తెల్లాయన, పైగా ఈ పాదిరీ పల్లె పైన కొండ మీద ఉండే భూస్వామి కొడుకు. అబ్సలోంకి ఉరి వేస్తారు.

ఆ అబ్సలోమే మన ఙకానే. 1950లో షూటింగ్ నాటికి ఇరవై రెండేళ్ళవాడు. నటుడూ, అసిస్టెంట్ డైరెక్టరూ రెండూ తనే, ఇది గుర్తుపెట్టుకోండి. సినిమా 1951లో పూర్తయింది, దర్శకుడు జోల్టాన్ కోర్డా. హంగరీ నుంచి ఇంగ్లండ్ వచ్చి స్థిరపడ్డ అన్నదమ్ముల్లో ఒకడు. మైసూరు మావటి కొడుకు సాబుని ‘ఎలిఫెంట్ బాయ్’తో ప్రపంచానికి చూపించిన ఇద్దరు దర్శకుల్లో ఒకడు ఈయనే. 1935లో ‘శాండర్స్ ఆఫ్ ది రివర్’ అని తీశాడు. అందులో నల్ల అమెరికన్ నటుడు పాల్ రోబ్సన్ హీరో, తర్వాత కెన్యాకి ప్రెసిడెంట్ అయిన జోమో కెన్యాట్టా అందులో ఎక్స్‌ట్రా వేషం వేశాడు. సినిమా పూర్తయి చూస్తే బ్రిటిష్ దొర గొప్పతనం మీద భజనలా తయారైంది, రోబ్సన్ సిగ్గుపడి ఆ సినిమా తనది కాదన్నాడు. అదే మనిషి పదహారేళ్ళ తర్వాత ఇది తీశాడు. ఒకే డైరెక్టర్ ఇటూ అటూ రెండూ తీయడం నాకు ఎప్పుడూ ఆశ్చర్యమే. పాపం కడుక్కున్నాడు అంటారు కొందరు, నాకు తెలీదు, కానీ రెండూ పక్కపక్కన పెట్టి చూడాల్సిన సినిమాలు.

పాదిరీగా కెనడా లీ. న్యూయార్క్ మనిషి, బాక్సర్‌గా మొదలై నటుడయ్యాడు, కమ్యూనిస్టు ముద్ర వేసి అమెరికాలో పని లేకుండా చేశారు, ఈ సినిమా వచ్చిన మరుసటి ఏడే నలభై అయిదేళ్ళకి పోయాడు. జోహన్నెస్‌బర్గ్‌లో ఆయనకి తోడు నిలిచే కుర్ర పాదిరీగా, తర్వాత హాలీవుడ్ స్టార్ అయిన సిడ్నీ పోయిటియర్. అప్పటికి ఆయన ఎవరో ఎవరికీ తెలీదు. వీళ్ళిద్దరినీ దక్షిణాఫ్రికాలోకి ఎలా తెచ్చారో పోయిటియర్ తర్వాత చాలాసార్లు చెప్పుకున్నాడు. నల్ల అమెరికన్ నటులు అంటే రానివ్వరు. అందుకని వీళ్ళు నటులు కాదు, కోర్డాగారి కాంట్రాక్టు కూలీలు అని ఇమిగ్రేషన్ వాళ్ళకి చెప్పారు. ఇంగ్లీషులో వాడిన మాట ఇండెంచర్డ్. హోటళ్ళలో ఉండనివ్వరు కాబట్టి ఊరి బయట ఇల్లు చూసి అక్కడ పెట్టారు.

ఈ ఇండెంచర్డ్ అనే మాట మనకి కొత్తది కాదు. 1860 నవంబరులో ట్రూరో అనే ఓడ మద్రాసు నుంచి డర్బన్ చేరింది. ఆ రోజు నుంచి 1911 దాకా లక్షా యాభై రెండు వేల మంది మన దేశం నుంచి నాటల్ చెరుకు తోటలకి వెళ్ళారు, ఎక్కువమంది మద్రాసు రేవు నుంచే. అందులో విశాఖపట్నం, గంజాం, గోదావరి, నెల్లూరు, చిత్తూరు వైపు తెలుగువాళ్ళు వేల మంది. అయిదేళ్ళ ఒప్పందం, ఆ అగ్రిమెంట్ అనే మాటే నోట్లో నలిగి గిర్మిట్ అయింది. పేటన్ కథలో పాదిరీ పల్లె ఉన్నదీ ఆ నాటల్లోనే, కొండ దిగి సముద్రం వైపు వెళ్తే మనవాళ్ళ చెరుకు తోటలు. అక్కడి తెలుగువాళ్ళు 1931లో ఆంధ్ర మహాసభ పెట్టుకున్నారు కూడా. మా శ్రీకాకుళం వైపు మా తాతమ్మ ‘డర్బన్ పోయినాడు’ అనే మాట తిరిగిరాని మనిషి గురించి అనేది, ఆ ఊరు ఎక్కడుందో ఆమెకి తెలీదు. సరే, అది వేరే కథ. నేను చెప్పేదేంటంటే, ఒక పాదిరీ వేషం వెయ్యడానికి పోయిటియర్ ముందు గిర్మిట్ కూలీ వేషం వెయ్యాల్సి వచ్చింది, విమానాశ్రయంలో, కెమెరా లేకుండా.

ఙకానే నటన గురించి నా అభిప్రాయం అడిగితే, ఆ సినిమాలో ఆయనకి నటించడానికి ఎక్కువ చోటు ఇవ్వలేదు. చాలాసేపటి దాకా అబ్సలోం అనేది ఒక పేరే, మనిషి కాదు. అందరూ అతని గురించి మాట్లాడుతుంటారు. దొరికాక కూడా తండ్రి అడుగుతాడు, లాయరు అడుగుతాడు, జడ్జి అడుగుతాడు, ఇతను తల వంచుకుని అరముక్క సమాధానాలు చెప్తాడు. ఎందుకు చేశావు అంటే తెలీదు అంటాడు. జైలు సీనులో ఆ కుర్రాడి కళ్ళు చూడండి, అంతే చెప్తాను. ఊరొదిలిన లక్షల మంది కుర్రాళ్ళలో ఒకడు, వాడి కథ తప్ప మిగతా అందరి కథా మనకి చెప్తారు. చివరి సీను కూడా తండ్రిదే, ఉరి వేసే వేకువజామున కొండ మీద ఒంటరిగా. కొడుకు ఆ సమయానికి ఏం అనుకుంటున్నాడో రాయాలని ఎవరికీ తోచలేదు.

ఈ మాట నేను ఇవాళ కొత్తగా అంటున్నది కాదు. డ్రమ్ కుర్రాళ్ళు అప్పుడే అన్నారు, అదీ ఇంకో సినిమాలో కూర్చుని! 1950ల చివర్లో లయొనెల్ రోగోసిన్ అనే అమెరికన్ దర్శకుడు జోహన్నెస్‌బర్గ్ వచ్చాడు. సంగీతం మీద సినిమా తీస్తున్నాం, మీ ఆఫ్రికన్లు ఎంత సంతోషంగా పాడుకుంటారో చూపిస్తాం అని అధికారులకి చెప్పి, తీసింది మాత్రం ‘కమ్ బ్యాక్, ఆఫ్రికా’. పని కోసం పల్లె నుంచి వచ్చినవాడు పాస్ చట్టాల మధ్య ఎలా నలిగిపోతాడో దాని కథ. స్క్రిప్టులో బ్లోక్ మోడిసానే, లూయిస్ ఎన్‌కోసీ ఇద్దరి చెయ్యీ ఉంది, ఇద్దరూ విలేకరులే. అందులో ఒక షెబీన్ సీను ఉంది. షెబీన్ అంటే ఇంట్లో దొంగచాటుగా సారా అమ్మే చోటు, నల్లవాళ్ళకి మంచి మందు కొనుక్కునే హక్కు లేని రోజులు. అక్కడ మోడిసానే, ఎన్‌కోసీ, కాన్ థెంబా తమ వేషాలే తాము వేసుకుని, గ్లాసులు పట్టుకుని పేటన్ నవలని, ఆ పాదిరీని ఏకిపారేస్తారు. ఎప్పుడూ మంచివాడుగా, తల వంచుకుని, దేవుడి మీద భారం వేసే నల్లవాడంటే తెల్ల ఉదారవాదికి భలే ఇష్టం అనే అర్థంలో సాగుతాయి ఆ కబుర్లు. మధ్యలో మిరియం మకేబా వచ్చి పాడుతుంది. ఒక సినిమా ఇంకో సినిమాని పట్టుకుని ఇంత బాహాటంగా కడగడం నేను మరెక్కడా చూడలేదు. ఆ వాదనలో నేను సగం వాళ్ళ వైపు. సగమే ఎందుకంటే, ఆ ‘మంచి’ సినిమా లేకపోతే ఙకానేకి కెమెరా దొరికేది కాదు.

ఆ సినిమాలో వెనక కూలిపోతూ కనిపించేది సోఫియాటౌన్. నల్లవాళ్ళు సొంత స్థలం కొనుక్కోగలిగిన కొద్ది పేటల్లో ఒకటి. 1955 ఫిబ్రవరి 9న రెండు వేల మంది పోలీసులతో వచ్చి ఖాళీ చేయించడం మొదలుపెట్టారు, కొన్నేళ్ళలో నేలమట్టం చేసి, దాని మీద తెల్లవాళ్ళకి ఇళ్ళు కట్టి ట్రయోంఫ్ అని పేరు పెట్టారు. ఆ మాటకి వాళ్ళ భాషలో విజయం అని అర్థం. ఇంత సిగ్గు లేకుండా పేరు పెట్టడం కూడా ఒక ప్రతిభే.

ఆ తర్వాత వీళ్ళు చెట్టుకొకరు పుట్టకొకరు అయ్యారు. మోడిసానే 1959లో దేశం దాటి, లండన్‌లో నాటకాలు, సినిమాలు వేసి, 1963లో ‘బ్లేమ్ మి ఆన్ హిస్టరీ’ అనే ఆత్మకథ రాసి, చివరికి 1986లో జర్మనీలో డార్ట్‌మండ్‌లో పోయాడు. నకాసాకి పాస్‌పోర్టు ఇవ్వకుండా వెళ్తే మళ్ళీ రాకూడదనే కాగితం ఇచ్చి పంపారు, 1965లో న్యూయార్క్‌లో ఏడో అంతస్తు కిటికీ నుంచి పడి పోయాడు, ఇరవై ఎనిమిదేళ్ళకి. టాడ్ మత్‌షికిజా లుసాకాలో. ఆయన కొడుకు జాన్ మత్‌షికిజా పరాయి దేశాల్లో పెరిగి నటుడయ్యాడు, ‘క్రై ఫ్రీడమ్’లో కనిపిస్తాడు, తర్వాత స్వదేశం వచ్చి పత్రికలో కాలమ్ రాశాడు. చూశారా, మళ్ళీ అదే జంట పని. వీళ్ళలో ఙకానే అందరికంటే ముందే, 1950ల మొదట్లోనే వెళ్ళిపోయాడు, లండన్‌కి.

లండన్‌లో ఏం దొరికాయో సినిమాల పేర్లే చెప్తాయి. ‘డ్యుయల్ ఇన్ ది జంగిల్’, ‘సఫారీ’. జోహన్నెస్‌బర్గ్‌లో సూటు వేసుకుని జాజ్ విని పెరిగినవాడు, ఫోర్ట్‌హేర్ యూనివర్సిటీలో చదివినవాడు, ఆఫ్రికా ఎలా ఉంటుందో తెలియని డైరెక్టర్లు రాసిన అడవి సినిమాల్లో నౌకరు వేషాలు. 1957లో ‘ది మార్క్ ఆఫ్ ది హాక్’లో మళ్ళీ పోయిటియర్‌తో కలిసి చేశాడు, కానీ అప్పటికి ఒకరు ఆకాశం వైపు, ఒకరు అక్కడే. ఇది పోల్చి జాలిపడాల్సిన విషయం కాదు. అమెరికాలో పోయిటియర్‌కి దొరికిన తలుపు బ్రిటన్‌లో ఏ నల్ల నటుడికీ అప్పట్లో దొరకలేదు, అంతే.

ఇక్కడే ఆ అసిస్టెంట్ డైరెక్టర్ పని అక్కరకొచ్చింది. 1962లో దక్షిణాఫ్రికా పరిస్థితి మీద ‘వుకానీ’ అనే డాక్యుమెంటరీ తీశాడు. జూలూలో లేవండి అని అర్థం. పాస్ చట్టాల మీద నిరసనకి వచ్చిన నల్లవాళ్ళని పోలీసులు కాల్చి చంపిన షార్ప్‌విల్ కాల్పులై రెండేళ్ళు, మండేలా అరెస్టయింది ఆ ఏడే. తర్వాత 1966లో ‘జెమైమా అండ్ జానీ’, ఇవాళ మనం చూడబోయేది. దీని గురించి మాత్రం తీరిగ్గా చెప్పాలి.

1958 ఆగస్టు చివర్లో లండన్ నాటింగ్ హిల్‌లో కరీబియన్ నుంచి వచ్చినవాళ్ళ ఇళ్ళ మీద తెల్ల కుర్రాళ్ళ గుంపులు పడి రోజుల తరబడి దాడులు చేశాయి. మరుసటి ఏడాది మేలో కెల్సో కోక్రేన్ అనే కార్మికుణ్ణి ఆ వీధుల్లోనే పొడిచి చంపారు. ఙకానే అపార్థైడ్ నుంచి తప్పించుకుని వచ్చిన ఊరు ఇది! విలేకరి బుర్ర ఊరుకోదు కదా. అయితే అల్లర్లు చూపించలేదు, ఉపన్యాసం ఇవ్వలేదు. అయిదారేళ్ళ తెల్ల పిల్లాడు జానీ, వీధిలోకి కొత్తగా దిగిన కుటుంబంలో నల్ల పాప జెమైమా. జానీ తండ్రి వలసవాళ్ళకి వ్యతిరేకంగా పనిచేసే మనిషి. పెద్దవాళ్ళు వాళ్ళ గొడవల్లో ఉంటే పిల్లలిద్దరూ చెయ్యి పట్టుకుని ఊరు చూడ్డానికి పోతారు. సంతలో తిరుగుతారు, కూలిపోయే ఇంట్లో దూరతారు. ముప్పై నిమిషాలు, బ్లాక్ అండ్ వైట్, మాటలు దాదాపు లేవు.

మాటలు ఎందుకు లేవు అని మొన్న ఒక కుర్రాడు అడిగాడు, బడ్జెట్ లేకనా అని. బడ్జెట్ లేని మాట నిజమే అయ్యుంటుంది. కానీ నాకు తోచేది వేరు. అబ్సలోంగా చేసినప్పుడు అందరూ మాట్లాడుతుంటే తను మాట లేకుండా నిలబడ్డాడు. ఇక్కడ పెద్దవాళ్ళ మాటలు పక్కకి తోసి, మాట అక్కర్లేని ఇద్దరు పిల్లలకి మొత్తం సినిమా ఇచ్చేశాడు. కెమెరాని పిల్లల ఎత్తుకి దించాడు చూడండి, పెద్దవాళ్ళు చాలా చోట్ల కాళ్ళూ చేతులుగానే ఉంటారు. ఇంకో సంగతి, వీధులు నిజం వీధులు, సంత నిజం సంత. గోడల మీద రాతలు చదవండి. సెట్ వేసి ఉంటే ఈ సినిమా ఇవాళ మనకి కేవలం ముచ్చటైన కథ అయ్యేది, ఇప్పుడు అది 1960ల నాటింగ్ హిల్ మీద ఒక రిపోర్టు కూడా. ఇల్లు కూలే దగ్గర మాత్రం కొంచెం సినిమాటిక్ అయిపోయింది, తండ్రి మనసు మారడం కూడా అంత త్వరగా జరుగుతుందా అని నాకు అనుమానమే, అయినా ముప్పై నిమిషాల్లో ఇంకేం చేస్తాడు లెండి. ఇది వెనిస్ ఫెస్టివల్‌లో అవార్డు తెచ్చుకుంది. బ్రిటన్‌లో నల్ల దర్శకుడు తీసిన సినిమాకి అక్కడ అవార్డు రావడం అదే మొదటిసారి.

అవార్డు వచ్చింది కదా, తర్వాత పెద్ద సినిమాలు తీసి ఉంటాడు అనుకుంటారు. తీయలేదు. నిర్మాతలు ముందుకు రాలేదు అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు చాలామంది, నాకు అది చాలదు. అదే సమయానికి ఆయన దృష్టి లండన్ మీద నుంచి ఆఫ్రికా మీదకి మళ్ళింది. 1969లో అల్జీర్స్‌లో అన్ని దేశాల ఆఫ్రికన్లు కలిసిన పెద్ద సాంస్కృతిక పండగ జరిగింది, అక్కడ పడ్డ బీజంతో మరుసటి ఏడు ట్యునీషియాలో ఆఫ్రికన్ సినిమావాళ్ళ సమాఖ్య ఏర్పడింది. ఫెపాసీ అంటారు. సెనెగల్ దర్శకుడు సెంబేన్ ఉస్మాన్ లాంటివాళ్ళతో పాటు ఙకానే వ్యవస్థాపకుల్లో ఒకడు. వాళ్ళ బాధ ఏంటంటే, ఆఫ్రికా నగరాల్లో హాళ్ళున్నాయి కానీ పంపిణీ అంతా విదేశీ కంపెనీల చేతిలో ఉంది. సెనెగల్‌లో తీసిన సినిమా పక్క దేశంలో ఆడదు, మన హిందీ సినిమాలు మాత్రం ఖండమంతా ఆడతాయి! ఇలాంటి పనిలో జీవితాలు కరిగిపోతాయి. ఉత్తరాలు, మీటింగులు, తీర్మానాలు, విమానాశ్రయాల్లో పడిగాపులు. ఫిల్మోగ్రఫీలో ఇది ఒక్క లైను కూడా కాదు.

1985లో నెల్సన్ మండేలా మీద డాక్యుమెంటరీ తీశాడు. ఒక్కసారి ఆ రోజులు ఊహించుకోండి. మండేలా జైల్లోకి వెళ్ళి ఇరవై మూడేళ్ళు, అప్పటికి పోల్స్‌మూర్ జైల్లో ఉన్నాడు, ఫొటో అచ్చెయ్యడం కూడా నేరం. ముసలితనంలో ఆయన ముఖం ఎలా ఉంటుందో దేశంలో ఎవరికీ తెలీదు. కథానాయకుణ్ణి చూపించే వీలు లేకుండా సినిమా తీయడం అన్నమాట. ‘క్రై’లో చాలాసేపు కనపడని కొడుకుగా ఉన్నవాడికి ఆ కష్టం కొత్త కాదులెండి. ‘ఎ డ్రై వైట్ సీజన్’ అని 1989లో యూజాన్ పాల్సీ తీసిన సినిమాకి సలహాదారుగా పని చేశాడు. పాల్సీ మార్టినిక్ దీవి నుంచి వచ్చిన నల్లామె, అపార్థైడ్ మీద హాలీవుడ్ డబ్బుతో సినిమా తీసిన దర్శకురాలు, ఆవిడ గురించి వేరే రోజు మాట్లాడుకుందాం.

1994లో ఎన్నికలయ్యాక స్వదేశం వచ్చేశాడు. అరవై ఆరేళ్ళు. ఆ మరుసటి ఏడే ‘క్రై, ది బిలవెడ్ కంట్రీ’ని మళ్ళీ తీశారు, డర్బన్‌కి చెందిన మన మూలాల మనిషి ఆనంద్ సింగ్ నిర్మాత, పాదిరీగా జేమ్స్ ఎర్ల్ జోన్స్. ఈసారి ఎవరినీ కూలీ అని చెప్పి తేవాల్సిన పని లేకపోయింది. అబ్సలోంగా ఎరిక్ మియెనీ అనే కుర్రాడు వేశాడు. ఆ మియెనీ ఏం చేశాడో తెలుసా? తర్వాత పుస్తకాలు రాశాడు, పేపర్‌లో కాలమ్ రాశాడు. ఇద్దరు అబ్సలోంలు, ఇద్దరూ కలం పట్టినవాళ్ళే. తెర మీద ఆ కుర్రాడి నోట్లో పెట్టని మాటలు ఎక్కడో ఒక చోట బయటికి రావాలి కదా అని నేను సరదాగా అంటుంటాను.

సరే, నాకు ఇచ్చిన టైము దాటిపోయిందని ఆయన వాచీ చూపిస్తున్నారు. సినిమా ముప్పై నిమిషాలే, మధ్యలో లేవకండి. మాటలు తక్కువ కాబట్టి ఆ ఫ్యాన్ చప్పుడు ఇబ్బంది పెడుతుంది, ఒక అరగంట చెమట ఓర్చుకోండి. ఎవరైనా ఆ ఫ్యాన్ కట్టెయ్యండి బాబూ.